సుందరి ఓవెన్ వెలిగించిన గురువారం

గురువారం పొద్దున్న ఆరు గంటలకి సుందరి వేసుకున్న ప్రణాళిక చాలా చిన్నది. ఎనిమిదింటికల్లా ఓట్స్ కలపాలి. తొమ్మిదికల్లా ఓవెన్లో పెట్టాలి. పదింటికి పైన చాక్లెట్ పోసి, చల్లారాక ముక్కలు కోసి, పింగాణీ పళ్ళెంలో సర్దాలి. సాయంత్రం నాలుగింటికి చర్చి స్త్రీల సమాజం వాళ్ళు వచ్చేసరికి, ఇదంతా తనకి రోజూ ఉండే పనే అన్నట్టు మొహం పెట్టుకుని కూర్చోవాలి. వీటిలో చివరిది ఒక్కటే ఆవిడకి బాగా అలవాటున్న పని. మిగతావి అంతవరకు ఒక్కసారి కూడా చెయ్యలేదు.

సుందరి పుట్టిల్లు అల్లవరం. మెట్టినిల్లు రాజోలు రోడ్డు మీదున్న ఈ ఊళ్ళో చర్చి వీధి. మధ్యలో పదకొండేళ్ళు కువైట్. ఆ పదకొండేళ్ళూ ఆవిడ ఒక పెద్దింట్లో బట్టలు ఇస్త్రీ చేసింది. తెల్లటి పొడుగు చొక్కాలు, రోజుకి నలభై. ఆ ఇంట్లో వంటగది ఎటువైపుందో ఆవిడకి తెలుసుగానీ, లోపల ఏముందో తెలియదు. అక్కడ వేరే మనిషి ఉండేది, ఎవర్నీ గడప తొక్కనిచ్చేది కాదు. అయితే వెళ్ళిన మొదటి నెలలోనే పక్కింటి అచ్చమ్మ ఫోన్లో "అక్కడ ఏం పనండీ సుందరిగారూ?" అని అడిగింది. ఒకళ్ళ బట్టలు రుద్దుతున్నానని చెప్పుకోవడానికి నోరు రాక సుందరి "వంటండీ" అనేసింది.

అనేశాక ఆ మాటని అక్కడితో ఆపితే బాగుండేది. మరుసటేడాదికి వంట కాస్తా కేకులయింది. ఆ పై ఏడాదికి మేడంగారు సుందరి చేతి బిస్కట్లు తప్ప ఇంకోటి ముట్టరన్నదాకా వచ్చింది. రెండేళ్ళ కిందట తిరిగొచ్చేటప్పుడు, వాళ్ళు పారేస్తున్న నడుమెత్తు కరెంటు ఓవెన్ ఒకటి అడిగి పుచ్చుకుని, కార్గోలో వేయించుకొచ్చింది. దాన్ని హాల్లో పెట్టి, పైన లేసు గుడ్డ పరిచి, లోపల రేషన్ కార్డు, ఇంటి పట్టా, పెళ్ళి ఫోటోలు దాచుకుంది. వచ్చినవాళ్ళందరూ దాన్ని చూసి "అబ్బా, ఎంత బావుందండీ!" అనేవారు. ఒక్కరూ వెలిగించమని అడగలేదు. తన అసలు సంగతి వీధిలో ఎవరికీ తెలియదని సుందరి ధైర్యం.

ఆ ధైర్యానికి పరీక్ష పెట్టింది కొత్తగా వచ్చిన అమ్మగారు. పాత పాస్టరుగారికి బదిలీ అయ్యి, జూన్లో కొత్త అయ్యగారు, ఆయన భార్య వచ్చారు. వచ్చిన నెల్లోనే అమ్మగారు ఒక లెక్క తీశారు: స్త్రీల సమాజంలో ఉన్నది పద్దెనిమిది మంది, అందులో షుగరున్నవాళ్ళు పదకొండు మంది. "ఇకమీద ప్రార్థన కూటంలో లడ్డూలు, జంతికలు వద్దండీ. ఒంటికి మంచివి పెట్టుకుందాం" అన్నారు. ఫోన్లో ఓట్స్ బార్ల బొమ్మ కూడా చూపించారు. కింద ఓట్స్, పైన చాక్లెట్. కిందది ఒంటికి మంచిది, పైది నోటికి మంచిది.

"అదెంత పనండీ అమ్మగారూ! కువైట్లో మా మేడంగారికి వారానికి రెండుసార్లు నేనే చేసేదాన్నండీ" అంది సుందరి. వద్దు వద్దనుకుంటూనే అనేసింది.

అమ్మగారు ఆ మాట పట్టుకుని ఊరుకోలేదు. ఆవిడ స్నేహితురాలు జాయ్ మేడం అమలాపురంలో ఒక ఆడపిల్లల హాస్టలు చూసుకుంటుంది. అక్కడ వంటగది మీద పెత్తనానికి నమ్మకమైన మనిషి కావాలి. గురువారం కూటం సుందరి ఇంట్లోనే కాబట్టి జాయ్ మేడం కూడా వస్తుందనీ, చేతి రుచి చూసి అక్కడికక్కడే మాటిచ్చేస్తుందనీ అమ్మగారు ఏర్పాటు చేసేశారు. సుందరికి భయం వేసింది. ఆశ అంతకన్నా ఎక్కువ వేసింది. పదకొండేళ్ళు ఇల్లు నడిపిన మనిషికి రెండేళ్ళుగా చేతిలో పని లేదు. ఆ ఉద్యోగం ఆవిడకి కావాలి. వంటంటారా, నాలుగు వీడియోలు చూస్తే రాకపోతుందా?

భర్త ఏసుపాదం ఆరింటికే తోటకి వెళ్ళిపోయాడు. ఆ రోజు కొబ్బరికాయల దింపు. అదీ ఒకందుకు మంచిదే అనుకుని, సుందరి కాగితాలన్నీ ఓవెన్లోంచి తీసి మంచం మీద పెట్టింది. తడిగుడ్డతో లోపలంతా తుడిచింది. ఓట్స్ దోరగా వేయించి, కరిగిన వెన్న, బెల్లం, తేనె పోసి కలిపి, రేకు పళ్ళెంలో అరచేత్తో గట్టిగా అదిమింది. ఏసీ కోసం వేయించిన పెద్ద ప్లగ్గులో ఓవెన్ తీగ పెట్టింది. వీడియోలో అమ్మాయి మూడొందల యాభై డిగ్రీలు పెట్టమంది. తీరా చూస్తే ఓవెన్ మీద అంకెలు రెండొందల యాభైతో ఆగిపోయాయి. ఆ అమ్మాయి ఉన్న దేశంలో డిగ్రీలు వేరని సుందరికి ఎవరు చెప్పాలి? ఉన్నంతలో చివరిదాకా తిప్పి, తక్కువైన వంద డిగ్రీలకీ పరిహారంగా ఇంకో పావుగంట ఎక్కువ ఉంచుదామని నిశ్చయించుకుంది.

పది నిమిషాలకి వాసన మొదలైంది. కాలిన నెయ్యి, మాడిన బెల్లం, వాటితోపాటు ఏదో ప్లాస్టిక్కు కరుగుతున్నట్టు ముక్కులు పగిలే వాసన. చాన్నాళ్ళు వాడని ఓవెన్ మొదట వేడెక్కితే కాస్త వాసన వస్తుందని వీడియోలో చెప్పారు కదా అని సుందరి సర్దిచెప్పుకుంది. కిటికీలు తెరిచి, నిలువు ఫ్యానొకటి వెనకాల పెట్టి, వాసనంతా బయటికి తోలింది. బయటంటే అచ్చమ్మ పెరడు.

అచ్చమ్మ రెండు నిమిషాల్లో ప్రహరీ మీదకి తల పెట్టింది.

"ఏవండీ సుందరిగారూ! ఏదో వాసనొస్తందండీ. మీకేవన్నా వస్తందా అండీ?"

చెప్పాల్సిన చోటు అదే. నా ఓవెన్ వాసనండీ అని నాలుగు ముక్కలంటే ఈ కథే లేదు. కానీ వారానికి రెండుసార్లు బార్లు చేసిన మనిషి ఓవెన్ ఇలా కంపు కొడుతుందా? అచ్చమ్మ లోపలికొచ్చి చూస్తానంటే? సుందరి చీర కొంగు ముక్కుకి అడ్డం పెట్టుకోకుండా నిగ్రహించుకుని, "నాకేం రావట్లేదే అండీ" అంది.

"అయితే మీ ఇంట్లోది కాదన్నమాటండీ."

"కాదండీ."

"మా ఇంట్లోదీ కాదండీ. నేనింకా పొయ్యే ఎలిగించలేదు." అచ్చమ్మ మొహం పాలిపోయింది. "కొంపదీసి గొట్టం కాదు గదండీ?"

ఈ చుట్టుపక్కల పొలాల కింద గ్యాసు గొట్టాలు పోతుంటాయి. చాలా ఏళ్ళ కిందట ఒక తెల్లవారుజామున వాటిలో ఒకటి పేలి ఏం జరిగిందో కళ్ళారా చూసినవాళ్ళు ఇంకా ఉన్నారు. అందుకని వాసన అనే మాటని ఇక్కడ ఎవరూ నవ్వులాటకి వాడరు. "ఛఛ, గొట్టం అయ్యుండదండీ" అని సుందరి అనేలోగా అచ్చమ్మ ప్రహరీ మీంచి మాయమైపోయింది.

అచ్చమ్మకి రోడ్డు మీద ఎదురైనవాడు తోటనుంచి తిరిగొస్తున్న ఏసుపాదం. ఇంకెవరు ఎదురైనా ఇంత ప్రమాదం జరిగేది కాదు. గ్యాసు కంపెనీ వాళ్ళు ఊరూరా భద్రతా సంఘాలు పెట్టినప్పుడు ఈ ఊరికి ఏసుపాదాన్ని పెద్దగా ఎన్నుకున్నారు. ఒక పచ్చ టోపీ, ఒక ఈల ఇచ్చారు. ఆరేళ్ళుగా ఆ టోపీ ఆయన స్కూటర్ డిక్కీలో, ఈల తాళాల గుత్తికి ఉన్నాయిగానీ వాటికి పనే పడలేదు. అచ్చమ్మ మాట పూర్తికాకుండానే టోపీ నెత్తికెక్కింది. కంపెనీ నంబరుకి ఫోన్ వెళ్ళింది. చర్చి వీధి ఈ చివర్నుంచి ఆ చివరికి ఈల మోగిపోయింది.

"పొయ్యిలార్పెయ్యండి! మెయిన్లు ఆపెయ్యండి! ఇలువైనవి పట్టుకుని చర్చి కాడికి రండి! పరిగెత్తకండీ, నడవండీ!"

సుందరి అప్పటికి పళ్ళెం బయటికి తీసి, చాక్లెట్ పోసి, చెంచాతో నున్నగా చేస్తోంది. ఓవెన్ ఆపేసినా వాసన ఆగలేదు. గుమ్మంలో మొగుడు ప్రత్యక్షమయ్యాడు. ముప్ఫై ఏళ్ళ కాపురంలో ఆయన అంత నిటారుగా నిలబడటం ఆవిడ చూడలేదు.

"సుందరీ, బయటికి నడు!"

"ఏమండీ, ఒక్క మాట వినండి..."

"మాటలకి టైం లేదు. కంపెనీ జీపు బయల్దేరింది. ఊరంతా నా మాట మీద నడుస్తంది, ఇంట్లోవాళ్ళు నడవకపోతే ఎలా?"

ఇప్పుడు చెబితే మొగుడి టోపీ పరువు పోతుంది. చర్చి దగ్గరికెళ్ళాక పక్కకి పిలిచి మెల్లిగా చెబుదామనుకుంది సుందరి. అంత కంగారులోనూ సాయంత్రం నాలుగింటి సంగతి బుర్రలోంచి పోలేదు కాబట్టి, పళ్ళెం మీద తువ్వాలు కప్పి, గుండెలకి హత్తుకుని బయల్దేరింది. ఇంటి పట్టా మంచం మీదే ఉండిపోయింది.

చర్చి ఆవరణలో అప్పటికే వందమంది పోగయ్యారు. కొందరు పట్టా కాగితాలు తెచ్చుకున్నారు, కొందరు గొలుసులు తెచ్చుకున్నారు, ఒకాయన మిక్సీ తెచ్చుకున్నాడు. అచ్చమ్మ పొదుగుతున్న కోడిని గంపతో సహా తెచ్చింది. సుందరి చేతిలో తువ్వాలు కప్పిన పళ్ళెం చూసి, కువైట్ బంగారం కాబోలని అందరూ మర్యాదగా దారిచ్చారు.

తర్వాత బడి పిల్లలు వచ్చారు. మధ్యాహ్నం భోజనానికి అన్నం సగం ఉడికి ఉండగా పొయ్యి ఆర్పించేశారట. "ఆకలేస్తందండీ టీచరుగారండీ" అని ఒకటో తరగతి పిల్ల అడుగుతుంటే సుందరి తల తిప్పుకుంది. రోడ్డు మీద రాజోలు బస్సు ఆపేశారు. అందులోంచి దిగినవాళ్ళలో ఒకామె ఆస్పత్రికి వెళ్ళాలని ఏడుపు మొహం పెట్టింది. ఒక్కొక్కరు వచ్చినకొద్దీ చెప్పాల్సిన మాట బరువెక్కిపోతోంది. ప్రహరీ దగ్గర నాలుగు ముక్కలతో పోయేది, ఇప్పుడు మైకు పెట్టి చెప్పాల్సినంత అయ్యింది. తేలు కుట్టిన దొంగలా సుందరి ఒక మూల నిలబడిపోయింది.

అప్పుడు మంగాయమ్మని తీసుకొచ్చారు. ఎనభై దాటిన మనిషి. ఇద్దరు మగవాళ్ళు ప్లాస్టిక్ కుర్చీతో సహా మోసుకొచ్చి సుందరి పక్కనే దింపారు. ముసలావిడ సుందరి మణికట్టు దొరకబుచ్చుకుంది.

"అమ్మాయ్, నా చెయ్యొదలకే. ఆ రోజు కూడా ఇలాగే ముందు వాసనొచ్చిందే."

సుందరి ఇంతసేపూ పోయేది తన పరువే అనుకుంది. ఈ ముసలావిడ ప్రాణం తన అబద్ధంలో వణుకుతోంది. వంగి చెవిలో అంది: "పిన్నిగారూ, భయపడకండి. ఇది ఆ వాసన కాదండీ."

"నీకెలా తెలుసే?"

నోటిదాకా వచ్చింది. నాలుగడుగుల దూరంలో అమ్మగారు నిలబడి ఉన్నారు.

"ఊరికే... అలా అనిపించిందండీ" అంది సుందరి. ఆ మాట అన్నందుకు తనని తానే అసహ్యించుకుంది.

అమ్మగారు అది చూసి, ముసలివాళ్ళకి ధైర్యం చెబుతోందనుకుని ముచ్చటపడ్డారు. "సుందరిగారూ, అందరూ కంగారుగా ఉన్నారు. మీరొక ప్రార్థన చెయ్యండి" అన్నారు. ఆడవాళ్ళందరూ కొంగులు నెత్తిన వేసుకున్నారు. కాదనే వీలు లేదు. దేవుడికైనా చెప్పేస్తే సగం భారం దిగుతుందనీ, పనిలో పనిగా అందరూ వింటారనీ సుందరి కళ్ళు మూసుకుంది.

"తండ్రీ, ఈ కష్టానికి కారణమైన పాపిని క్షమించండి."

"ఆమెన్" అన్నారందరూ.

"ఆ పాపి ఇక్కడే, మా మధ్యనే ఉంది తండ్రీ."

"ఆమెన్!" ఈసారి ఇంకా గట్టిగా అన్నారు.

"ఆ పాపిని నేనే తండ్రీ! నావల్లే ఇదంతా!"

సుందరికి ఏడుపు వచ్చేసింది. ఆవిడతోపాటు ఇంకో ఆరుగురికి కూడా వచ్చేసింది. అమ్మగారు కళ్ళు తుడుచుకుంటూ, "ఊరి పాపం నెత్తినేసుకున్నారండీ. ఎంత తగ్గింపు మనసు!" అన్నారు. ఇంత స్పష్టంగా చెప్పినా నమ్మకపోతే మనిషి ఏం చెయ్యాలి? సుందరి మూసుకున్న కళ్ళు తెరిచేసరికి ఎదురుగా జాయ్ మేడం ఉంది. రాజోల్లో ఏదో పనుండి ముందే బయల్దేరిందట. రోడ్డు మూసేశారని కారు వదిలి నడిచొచ్చింది.

"ప్రార్థన విన్నానండీ. మీ గురించి మా ఫ్రెండు చెప్పింది తక్కువే" అంది జాయ్ మేడం. తువ్వాలు అంచు తొలిగి నల్లగా నిగనిగలాడుతున్న చాక్లెట్ కనబడింది. "ఇంత గొడవలోనూ పట్టుకొచ్చేరా! నగలు వదిలేసి?"

సుందరి ఏదో నవ్వింది. అది నవ్వో ఏడుపో ఆవిడకే తెలియలేదు.

కంపెనీ జీపు ఓడలరేవు నుంచి పదకొండుంపావుకి వచ్చింది. అందులోంచి గంగాధరరావు అనే ఇంజనీరు, ఇద్దరు మనుషులు దిగి, వాసన పట్టే మీటరు పట్టుకుని ఇల్లిల్లూ తిరిగారు. ఏసుపాదం ఈల నోట్లో పెట్టుకుని వీధి మొదట్లో కాపలా కాశాడు. అరగంట తర్వాత గంగాధరరావు చర్చి ఆవరణలోకి వచ్చాడు. ఆయన చేతిలో చీపురు చేట, చేటలో నల్లటి ముద్ద ఒకటి ఉన్నాయి.

"భయం లేదండీ. గ్యాసు లీకు ఎక్కడా లేదు. గొట్టం బ్రహ్మాండంగా ఉంది" అన్నాడు. అందరూ ఒక్కసారి ఊపిరి వదిలారు. "వాసనొచ్చింది పచ్చగేటు ఇంట్లోంచి. హాల్లో ఓవెన్ ఉంది, ఇంకా వేడిగానే ఉంది. దాని అడుగున గిన్నెలు పెట్టుకునే సొరుగులో ఇది దొరికింది. ప్లాస్టిక్ డబ్బా. లోపలున్నవి పూతరేకులని మావాడంటున్నాడు. ఎవరిదండీ ఆ ఇల్లు?"

ఓవెన్ అడుగున సొరుగుందని సుందరికి తెలుసు. అందులో పూతరేకులున్నాయని తెలియదు. నోరు తెరిచేలోగా జనం వెనకనించి ఈల కింద పడ్డ చప్పుడైంది.

"నాదేనండీ" అన్నాడు ఏసుపాదం. ముందుకొచ్చి టోపీ తీసేశాడు. "షుగరు మూడొందలు దాటిందని ఇంట్లో తీపి మాన్పించేసేరండీ. ఆత్రేయపురం ఎళ్ళినప్పుడు తెచ్చుకుని, రోజుకోటి తిందారని అక్కడ దాచేను. నా మూలానే జరిగిందండీ ఇదంతా. క్షమించండి."

ముందు బడిపిల్లలు పకపకా నవ్వారు. ఆ తర్వాత బస్సువాళ్ళు తిట్లు మొదలుపెట్టారు. "టోపీ పెట్టుకున్నోడికే బుద్ధి లేకపోతే ఎలాగయ్యా!" అన్నాడు మిక్సీ ఆయన. గంగాధరరావు మర్యాదగానే చెయ్యి చాపి, "ఆ టోపీ, ఈల ఇచ్చెయ్యండి సార్. వేరేవాళ్ళని చూసుకుంటాం" అన్నాడు. ఏసుపాదం వంగి నేల మీంచి ఈల తీసి, చొక్కాకి తుడిచి మరీ ఇచ్చాడు.

సుందరి మాత్రం ఒడ్డున పడిపోయింది. అందరి జాలీ ఆవిడ మీదే. "పాపం, ఇలాంటి మనిషితో ఎలా వేగుతున్నారో!" అన్నారు అమ్మగారు. జాయ్ మేడం దగ్గరికొచ్చి భుజం మీద చెయ్యేసింది. "ఇంత ఓర్పున్న మనిషే మాకు కావాలండీ. రుచులూ గిచులూ తర్వాత. సోమవారం నుంచి వచ్చెయ్యండి."

కావలసిందంతా వచ్చి చేతిలో పడింది. చెయ్యాల్సిందల్లా నోరు మూసుకోవడం. పదకొండేళ్ళు చెయ్యగలిగిన పని ఇంకో పది నిమిషాలు చెయ్యలేదా? సుందరి మొగుడి వైపు చూసింది. టోపీ లేని బట్టతలతో, చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియక, ఆయన చర్చి గోడకి ఆనుకుని నిలబడి ఉన్నాడు. రెండు పూతరేకులకి ఆశపడ్డ మనిషి ఊరందరి ముందూ నాదే అన్నాడు. ఊరంతటినీ ఉరికించిన మనిషి పళ్ళెం పట్టుకుని నిలబడింది. సుందరికి తల కొట్టేసినట్టయింది.

"ఆయన్ననకండి" అంది. గొంతు అనుకున్నదానికన్నా గట్టిగా వచ్చింది. "వాసన మా ఇంట్లోదేనని నాకు మొదట్నించీ తెలుసండీ. అచ్చమ్మగారు అడిగితే లేదన్నాను. ఓవెన్ వాడటం రాదని తెలిసిపోతుందని అన్నాను. నాకు ఓవెన్ వాడటం రాదండీ. కువైట్లో నేను వంట చెయ్యలేదు, బట్టలు ఇస్త్రీ చేసేను. పదకొండేళ్ళూ ఇస్త్రీయే చేసేను. ఇందాక ప్రార్థనలో చెప్పిందీ ఇదేనండీ. మీరెవరూ వినిపించుకోలేదు."

జాయ్ మేడం సుందరి భుజం మీంచి చెయ్యి మెల్లిగా తీసేసింది. అమ్మగారు ఆమెన్ అనాలో వద్దో తేల్చుకోలేకపోయారు. మణికట్టు మీద ఇంతసేపూ బిగిసి ఉన్న పట్టు కూడా వదులైంది. సుందరి వంగి చూసింది.

"నువ్వు అక్కడ వండేవో రుద్దేవో నాకెందుకే" అంది మంగాయమ్మ. "నా చెయ్యి పట్టుకుని కూడా చెప్పలేదు చూడు. అదీ."

సుందరి ముసలావిడ కాళ్ళ దగ్గర చతికిలబడి, పళ్ళెం ఒళ్ళో పెట్టుకుని వెక్కి వెక్కి ఏడ్చింది. అచ్చమ్మకి చూడబుద్ధి కాలేదు. కోడి గంప కింద పెట్టి వచ్చి పక్కన కూర్చుంది.

"ఊరుకోండి సుందరిగారండీ. వంట సంగతికైతే అంత బాధపడక్కర్లేదండీ. అది మాకు తెలుసు కదండీ."

సుందరి ఏడుపు ఆగిపోయింది. "ఏం తెలుసండీ?"

"ఇస్త్రీ సంగతండీ. మా మరదలి కూతురు మీ ఎనకింట్లోనే చేసేది కదండీ. మీరెళ్ళిన రెండో నెల్లోనే చెప్పింది. కువైట్లో మనోళ్ళు లేని ఈధి ఏవుందండీ?"

"వీధిలో ఇంకెవరికి తెలుసు?"

అచ్చమ్మ చుట్టూ చూసింది. వీధి వీధంతా నేల చూపులు చూసింది. "అందరికీ తెలుసండీ" అంది.

"మరి కేకులెలా చెయ్యాలని ఫోన్ చేసి అడిగేవారు కదండీ! రాసుకునేవారు కూడాను!"

"మీకు చిన్నతనంగా ఉంటదనండీ, ఆయ్. మీరంత సరదాగా చెప్తుంటే ఎలా కాదంటాం చెప్పండి?"

పదకొండేళ్ళ కేకులూ, బిస్కట్లూ, మేడంగారి మెచ్చుకోళ్ళూ వరసగా సుందరి కళ్ళ ముందు తిరిగాయి. ఒక్కొక్కదానికీ ఈ వీధి ఎంత ఓపిగ్గా "అబ్బో!" అందో గుర్తొచ్చింది. ఇందాక పడ్డ సిగ్గు అసలు సిగ్గే కాదని అప్పుడు తెలిసింది. గోడ దగ్గరున్న మొగుడి వైపు చూసింది.

"మీకూ తెలుసా?"

ఏసుపాదం తల గోక్కున్నాడు. "ఆయ్. ఇయ్యాళ నువ్వు అమలాపురం బేకరీలో తెప్పిస్తావనుకున్నానే. నిజంగా ఎలిగిస్తావని తెలిస్తే డబ్బా తీసేసేవాణ్ణి."

జాయ్ మేడం గొంతు సవరించుకుంది. "నిజం చెప్పినందుకు చాలా సంతోషమండీ సుందరిగారూ. వంటగదికి మాత్రం వేరే మనిషిని చూసుకుంటాను" అంది. అంత మర్యాదగా చెప్పాక ఎవరూ నొచ్చుకోవడానికి లేదు. ఆవిడ కారు వైపు నడిచింది. అమ్మగారు సాగనంపే నెపంతో ఆవిడ వెనకాలే వెళ్ళారు. బస్సు హారన్ కొట్టింది.

ఒకటో తరగతి పిల్ల మాత్రం కదల్లేదు. పళ్ళెం వైపే చూస్తూ నిలబడింది. బడి అన్నం మళ్ళీ ఉడికేసరికి ఇంకో గంట పడుతుంది. సుందరి ముక్కు తుడుచుకుని తువ్వాలు తీసింది. ఎవరో అందించిన కత్తి పెడితే దిగలేదు. ఏసుపాదం తన కొబ్బరి కత్తి తెచ్చి, చర్చి మెట్టు మీద పళ్ళెం ఆనించి నాలుగు దెబ్బలు వేస్తే, మొత్తానికి పెచ్చులు పెచ్చులుగా విడిపోయాయి. పిల్లలు పైనున్న చాక్లెట్ గీక్కుని తిని, కిందది జేబుల్లో వేసుకున్నారు. పళ్ళు లేని మంగాయమ్మ ఒక పెచ్చు తీసుకుని ఒళ్ళో పెట్టుకుంది. తినలేదుగానీ, పారెయ్యనూ లేదు.

"వీటినెవరూ పొగడద్దు" అంది సుందరి. "నిజం చెప్పండి చాలు."

అచ్చమ్మ ఒక ముక్క నోట్లో పెట్టుకుంది. ఆ దవడనించి ఈ దవడకి మార్చి మార్చి నమిలింది. ఒకసారి టక్కుమని చిన్న చప్పుడు వినబడింది.

"చాలా బావున్నాయండీ, ఆయ్" అంది అచ్చమ్మ, దవడ పట్టుకుని.